బురద ఫైటుకు తెలుగు మాటలు

ఆదివారం. పొద్దున ఉగ్గాని, బజ్జీ తిని, కరెంటు పోకముందే లాప్‌టాప్ ముందు కూచున్నా. బెంగళూరులో ఉన్న స్నేహితురాలు, వాళ్ల క్వియర్ గుంపు (ఆడ ఆడని, మగ మగని ఇష్టపడేవాళ్లు, ట్రాన్స్ మనుషులు) కలిసి తీసిన 14 నిమిషాల సినిమాకు తెలుగు సబ్‌టైటిల్స్ రాసిపెట్టమంది.

కథ ఏముంది, ఆడవాళ్ల జైలు. 1971లో అమెరికా నిర్మాత రోజర్ కార్మన్ కంపెనీ ఫిలిప్పీన్స్‌లో తీయించిన 'ది బిగ్ డాల్ హౌస్' బాగా ఆడినాక అమెరికాలో ఇట్లాంటివి వరస కట్టినాయి. కొరడా పట్టిన వార్డెను, తుపాకులు, తప్పకుండా ఒక బురద ఫైటు. ఆడది ఆడదాన్ని ఇష్టపడడమూ ఉంటుంది, హాల్లో మగోళ్లు ఈలలేసుకోడానికి. వీళ్లు ఆ సరుకునే తిరగేసినారు. వార్డెను వేషం ఒక మగవాడిది, విగ్గు, ఇంతింత ఎర్ర గోళ్లు. ఆమె ఆనుకుంటే చాలు, జైలు గోడ ఊగుతుంది. అట్ట గోడ మరి. అయినా ఒక్కరూ నవ్వరు, కన్నీళ్లు పెట్టుకుని మరీ డైలాగు చెప్తారు. నేనే కడుపు పట్టుకున్నా.

చిక్కంతా ఆ డైలాగు దగ్గరే. 'నా జైలులో ప్రేమకు అనుమతి లేదు' అని రాస్తే తాసిల్దారు నోటీసు మాదిరి ఉంది. అవ్వనడిగినా. 1970లో 'రౌడీ రాణి' వచ్చినప్పుడు, తాతకు గుడికని చెప్పి కొండారెడ్డి బురుజు మీదుగా మ్యాట్నీకి నడిచిపోయిన మనిషి. తుపాకి పట్టిన విజయలలిత అంటే ఇప్పటికీ ప్రాణం.

వక్క బుగ్గన పెట్టుకుని, "ఈడ చీమ కదలాలన్నా నన్నడగాల. నన్నడక్కుండా మనసిస్తివా? అని రాయి పాపా" అనింది.

రెండు లైన్లలో సరిగ్గా పట్టింది.

"ఇంతకీ ఎవురికిచ్చిందంట?"

"పక్క గదిలో పిల్లకి." నేను తెర మీంచి తల తిప్పలేదు.

వక్క నమలడం ఆగింది. "ఆ పిల్లేమంటాది మరి?"

వార్డెనును ఖైదీలు ఏమని పిలవాలనేది ఇంకో తంటా. వయ్యారంగా నడిచే మగవాణ్ని మన సినిమాల్లో కమెడియన్లు పిలిచే పిలుపులు నాకు చాలానే గుర్తొచ్చినాయి. ఒక్కటీ వాడలేదు. అందరి చేతా 'అమ్మగారూ' అనిపించినా. ఆ కొరడాకు అదే అందం.

చివర్న పిల్లలిద్దరూ అట్ట గోడను చించుకుని పారిపోతారు. ఆడ మాటల్లేవు, నాకు పనీ లేదు. అయినా కరెంటు పోయేలోగా మూడుసార్లు చూసినా. మూడోసారి అవ్వ కూడా వచ్చి కూచుంది.