ఊరి పేర్ల రాళ్లు

నంద్యాల, కోయిలకుంట్ల, పాణ్యం, అవుకు, నార్జి, బనగానపల్లె. బస్టాండులో కండక్టర్ కేకేసినట్టుంది గానీ, ఇది కర్నూలు రాతిపొరల వరుస, పైనుంచి కిందికి. భూగర్భ శాస్త్రవేత్తలు పొరలకు ఇక్కడి ఊళ్ల పేర్లే పెట్టేశారు. వీటిలో కోయిలకుంట్ల, నార్జి పొరలు సున్నపురాయి. బెలుం గుహలున్నది నార్జి పొరలోనే.

చిన్నాయన బండి మీద నంద్యాలలో పొద్దున్నే బయల్దేరాం. పాణ్యం, బనగానపల్లె, అవుకు దాటాం. పొరల వరుసతో దారికి పనిలేదు. మామిడిపండ్ల కాలం కాదు కాబట్టి బనగానపల్లెలో ఆగలేదు. ఒకప్పుడు అక్కడి గులకరాళ్ల పొరలో వజ్రాలు తవ్వేవాళ్లు.

కొలిమిగుండ్ల దగ్గర నాపరాయి గని కనపడగానే చిన్నాయన బండి ఆపేశాడు. పాతికేళ్లు బండలు అమ్మిన మనిషి మరి. గని గోడ అట్ల దొంతరలా ఉంది. "రెండు పొరల మధ్య సన్నగా మట్టి ఉంటాది చూడు. ఆడ గడ్డపార పెట్టి లేపితే బండ అదే వస్తాది" అన్నాడు.

మా వంటింటి నేల ఇలాంటి బండలే. చిన్నప్పుడు వాటిలో చేప బొమ్మ కోసం తెగ వెతికేవాణ్ని. దొరికేది కాదు. దొరకదు కూడా. ఈ సున్నపు బురద సముద్రం అడుగున పేరుకునే నాటికి చేపా లేదు, గవ్వా లేదు. 50 కోట్ల ఏళ్ల కంటే పాత మాట.

బెలుంలో మెట్లు దిగగానే కళ్లద్దాలు మసకబారాయి. తుడుచుకోవడం, మళ్లీ మసక. 1884లో బ్రిటిష్ భూగర్భ శాస్త్రవేత్త రాబర్ట్ బ్రూస్ ఫూట్ ఈ గుహల గురించి రాశాడు. 1982, 83ల్లో జర్మన్ గుహాన్వేషకుడు డేనియల్ గెబావర్ బృందం లోపలంతా తిరిగి కొలిచింది. మొత్తం 3,229 మీటర్లు. 2002 నుంచి జనాన్ని రానిస్తున్నారు. అందరూ శివలింగాల్లాంటి రాళ్లున్న కోటిలింగాల దగ్గర ఫోటోలు దిగుతున్నారు. నాకు మాత్రం గోడలే నచ్చాయి. నేల కింది నీరు సున్నపురాయిని కరిగించుకుంటూ పోయిన చోటల్లా పొరలు అడ్డగీతల్లా తేలాయి. గనిలో చూసిన దొంతరే, కాకపోతే ఇక్కడ గడ్డపార పని నీళ్లు చేశాయి.

గుహలో పారే పాతాళగంగ అనే నీటిపాయకు దిగే దారిలో వెనక్కి చూస్తే చిన్నాయన లేడు. గోడకు బెత్త పెట్టి ఒక పొర మందం కొలుస్తున్నాడు.

"సార్, చెయ్యి తీయండి" అని గార్డు అరిచాడు.

"తీస్తాలే అబ్బీ. మంచి బండ, ఊరికే పోతాంది" అన్నాడు చిన్నాయన.