కార్లోటా చెప్పుల దుమ్ము

రియో మార్కెట్‌లో మామిడికాయ చేతిలోకి తీసుకుని "ఇందులో పులుపేదీ, దీంతో ఆవకాయ ఏం పెడతాం" అన్నాను. పక్కనున్న మా పద్నాలుగేళ్ల అమ్మాయి వెంటనే, "అమ్మా, నువ్వు అచ్చం కార్లోటా జువకీనావే. ఈ దేశంలో నీకేదీ నచ్చదు" అంది.

కార్లోటా స్పెయిన్ రాజకుమారి. 1785లో, పదేళ్ల పిల్లను, పోర్చుగల్ రాజకుమారుడు జువావ్‌కి ఇచ్చి పెళ్లిచేశారు. తర్వాత నెపోలియన్ సేనలకు భయపడి రాజకుటుంబం మొత్తం ఓడలెక్కి 1808లో బ్రెజిల్ చేరింది. 13 ఏళ్లు ఉన్నా ఆమెకు ఈ నేల గిట్టలేదు. 1821లో తిరిగి వెళ్తూ, ఇక్కడి దుమ్ము కూడా వద్దని చెప్పులు దులిపేసిందని చెప్పుకుంటారు.

ఆమె కథతో కార్లా కామురాతి తీసిన సినిమాను మా అమ్మాయికి బళ్లో చూపించారట. ఆ రాత్రి నేనూ చూశాను. అప్పటినుంచి కామురాతి నన్ను వదలడం లేదు. 1980లలో ఆమె పేరున్న నటి. 'ఎటెర్నమెంచి పగు' అనే సినిమాలో నాయికగా చేసింది. దాన్ని తీసిన నోర్మా బెంగెల్ కూడా నటిగా మొదలై దర్శకత్వంలోకి వచ్చినావిడే. 1990లో ప్రభుత్వం సినిమాలకు డబ్బు పెట్టే ఎంబ్రాఫిల్మ్ సంస్థను మూసేయడంతో బ్రెజిల్ సినిమా దాదాపు ఆగిపోయింది. అలాంటి రోజుల్లో కామురాతి కొద్దిపాటి డబ్బుతో తన మొదటి పెద్ద సినిమాగా ఈ కార్లోటా కథను తీసి, 1995లో తానే థియేటర్లకు చేర్చింది. 10 లక్షల మందికి పైగా చూశారు. ఇక్కడి సినిమా మళ్లీ లేచి నిలబడింది ఆ సినిమాతోనే అంటారు. తర్వాత ఆమె పిల్లల కోసమే ఒక అంతర్జాతీయ చిత్రోత్సవాన్ని మొదలుపెట్టిన వాళ్లలో ఒకరైంది. నాకు అదీ గొప్పగానే అనిపిస్తుంది.

సినిమాలో ఈ కథను స్కాట్లండ్‌లో ఒకాయన ఇంగ్లీషులో ఓ చిన్నపిల్లకు చెబుతాడు. వింటున్న పిల్లగానూ, చిన్ననాటి కార్లోటాగానూ కనిపించేది ఒకే అమ్మాయి. రాజు తిండిపోతు, రాణి కోపిష్ఠి. ఇంత వెటకారమా అని చరిత్రకారులు కొందరు నొచ్చుకున్నారు. మా అమ్మాయి మాత్రం పడీపడీ నవ్వింది. ఇది తన ఇల్లు, వీళ్లు తన ఇంటి పెద్దలు అన్నంత చనువు ఆ నవ్వులో ఉంది. అందుకే పిల్లలు పెరిగే దేశం తన కథ తాను ఎలా చెప్పుకుంటుందో వాళ్ల పక్కన కూర్చుని చూడమని తోటి తల్లిదండ్రులకు చెబుతుంటాను.

కానీ శ్రీకృష్ణదేవరాయల గురించి చెప్పేటప్పుడు నేనెప్పుడూ నవ్వనివ్వలేదు. గౌరవంగానే చెప్పాను, ఇకముందూ అలాగే చెబుతాను. ఆ విషయంలో నాది మొండిపట్టే. నవ్వుకునేంత చనువు రావాలంటే ముందు ఆ కథ తనదని పిల్లకు తెలియాలి కదా. గుంటూరు వెళ్తే "మా రియోలో అయితే" అంటాను, రియోలో "మా గుంటూరులో అయితే" అంటాను. రెండూ మనస్ఫూర్తిగా అనే మాటలే. మరి ఇలా ఇటూ అటూ మాట్లాడే అమ్మ దగ్గర పెరిగిన పిల్ల దేన్ని తనదనుకుంటుంది?

ఈసారి సెలవుల్లో అమ్మమ్మ ఇంటి మీద ఫోన్‌తో సినిమా తీస్తానంటోంది. మగవాళ్లందరూ తిన్నాకే ఆడవాళ్లు విస్తరి ముందు కూర్చోవడంతో మొదలుపెడుతుందట. "అది నవ్వొచ్చే సీన్ అమ్మా" అంది. కామురాతి తన దేశపు రాజుల్ని చూసి నవ్వితే అది ధైర్యం అన్నాను. మా పిల్ల అమ్మమ్మ ఇంటిని చూసి నవ్వితే ఇంటి మనిషిలా నవ్వుతుందా, చూడ్డానికొచ్చిన విదేశీ అమ్మాయిలా నవ్వుతుందా? అమ్మమ్మకు ముందే చెప్పి ఒప్పించాలా, లేక ఆ సీన్ వద్దని దీనికే చెప్పాలా? టికెట్లు కొనేశాం గానీ, ఇది మాత్రం తేలలేదు.