ధమతొమ్మిది బ్యాచ్

మన పదో తరగతి బ్యాచ్ కలయిక సంచికకి ఏదో ఒకటి రాసి పంపమని మన బెల్లంగాడు మూడుసార్లు ఫోన్ చేశాడు. మొదటిసారి "ఏమే" అన్నాడు, రెండోసారి "మేడం గారూ" అన్నాడు, మూడోసారి కన్వీనర్ హోదాలో "గడువు ఆదివారం" అని పెట్టేశాడు. చెరువుగట్టు పిక్నిక్ గురించి ఎలాగూ ఎవరో రాస్తారు. రెండు జడల గొడవ గురించి రాయాల్సినవాళ్ళు రాయరు, నేనూ రాయను. నాకు రాయడానికి ఉన్నది మన తెలుగు మేష్టారు ఒక్కరే.

ఆరు నుంచి తొమ్మిది దాకా ఏం చదివామో నన్నడక్కండి. పదిలో ఆ ఐదో పీరియడు మాత్రం నిన్నటిలా ఉంది. "మా తాతగారి రాత ఇలా ఉండేదిరా" అంటూ మేష్టారు బోర్డు మీద "ధమ౯ము" అని రాశారు. వెనక బెంచీ నుంచి బెల్లం లేచి, "మేష్టారూ, ధమతొమ్మిదిము అంటే ఏంటండీ?" అన్నాడు. అందరం బెత్తం కోసం చూశాం. ఆయన సుద్దముక్క బల్ల మీద పెట్టి, కళ్ళజోడు తీసి, కళ్ళు తుడుచుకునేదాకా నవ్వారు. తర్వాత చెప్పారు: "అది తొమ్మిది కాదురా, వలపలగిలక. రకారమే. పలికేటప్పుడు ముందుంటుంది, రాసేటప్పుడు వినయంగా వెనక నిలబడుతుంది. నీకు రెండూ లేవు, కూర్చో."

శిక్ష మాత్రం క్లాసు మొత్తానికి పడింది. సోమవారానికల్లా ప్రభవ నుంచి అక్షయ దాకా తెలుగు సంవత్సరాల అరవై పేర్లూ అప్పజెప్పాలి. తారణ, పార్థివ దాటి వ్యయ దగ్గర ఎంతమంది జారిపడ్డారో లెక్కలేదు. గుండు ఏకంగా "అవ్యయ" అన్నాడు!

తర్వాత ఇంటరూ డిగ్రీ పెళ్ళీ పిల్లలూ... ఇవన్నీ బెల్లం నింపమన్న ఫారంలో ఉన్నాయి.

నా ఉద్యోగం పాత రాతలున్న తాటాకులతో. ఆకు మీద మొదట ఏమీ కనపడదు, ఎండిపోయిన గోధుమరంగు, అంతే. మెత్తటి బ్రష్షుతో దుమ్ము దులిపి, దీపం మసి నూనెలో కలిపి రాసి, గుడ్డతో తుడుస్తాం. గంటం గీసిన గాట్లలో మసి నిలుస్తుంది, వరస వరసంతా పైకి లేస్తుంది. ఇన్నేళ్ళయినా ఆ నిమిషంలో నేను ఎవరితోనూ మాట్లాడను. మాటకీ మాటకీ మధ్య ఖాళీ ఉండదు, ఎక్కడ ఆగాలో మనమే చూసుకోవాలి. పురుగు తిన్నచోట ఊహించి రాయకూడదు, చుక్కలు పెట్టి వదిలేయాలి. ఆకు విరగకుండా నిమ్మగడ్డి నూనె పూస్తాం. నూనె నుంచి, నీళ్ళ నుంచి, వదులు కట్టు నుంచి నన్ను కాపాడమని పుస్తకమే వేడుకునే పాత శ్లోకం ఒకటుంది. అందులో మొదటి కోరికే మేం తీర్చడం లేదు!

కట్ట చివర లేఖకుడు నామ సంవత్సరం, మాసం, తిథి, వారం రాసి దణ్ణం పెట్టుకుంటాడు. శక సంవత్సరం అంకె వెయ్యకపోతే నా పని మొదలు, పేర్లు అరవై ఏళ్ళకోసారి తిరిగొస్తాయి కదా. ప్రమోదూత అని ఉందనుకోండి, అది 1810 కావచ్చు, 1870 కావచ్చు, 1930 కూడా కావచ్చు. తిథీ వారమూ పట్టికల్లో సరిచూస్తే చాలాసార్లు ఒకటే మిగులుతుంది. మనం పదిలోకొచ్చిన 1990 కూడా ప్రమోదూతే. ఆ పేరు కనబడ్డప్పుడల్లా వెనక బెంచీ వినిపిస్తుంది.

ఇక కైఫీయతులు, అంటే ఊళ్ళ చరిత్రలు, చదివే రోజుల్లో నేను ఈ లోకంలో ఉండనని మావారి ఫిర్యాదు. కంపెనీ కొలువులో సర్వేలు చేసిన మెకంజీ దొర కోసం మన ఏలూరు కావలి వారి అన్నదమ్ములు, బొర్రయ్యా లక్ష్మయ్యా వాళ్ళూ, మనుషుల్ని పెట్టి ఊరూరా రాయించినవి. బొర్రయ్య 1803లోనే పోయాడు, పాపం, చిన్నవయసు. మాన్యాల లెక్క ఎంత శ్రద్ధగా రాశారో, ఆవు వచ్చి పుట్టలో పాలు ధారపోసిందనీ, వేటకుక్కల్ని కుందేలు తరిమినచోట కోట కట్టారనీ అంతే శ్రద్ధగా రాశారు. ఏది చరిత్ర, ఏది కథ అని పిల్లలు అడుగుతారు. కేటలాగులో రెండిటికీ ఒకే నంబరు వేస్తాను. అయితే, ఫలానా ఊళ్ళో లంకెబిందెలు ఎక్కడున్నాయో అందులో రాసుందా అని ఫోన్ చేసేవాళ్ళకి మాత్రం ఏ నంబరూ చెప్పను.

మా కేటలాగు అచ్చయ్యాక ముందుమాటలో చిన్నక్షరాల్లో నా పేరు పడింది. ఒక కాపీ మేష్టారికి తీసుకెళ్ళాను. అప్పటికే చూపు మందగించింది. భూతద్దం పెట్టుకుని, నా పేరు దాటేసి, అదే పేజీలో ఒక అరసున్న ఎగిరిపోయిందని చూపించారు. కాఫీ చల్లారిపోయేదాకా దాని గురించే మాట్లాడారు. గుమ్మం దాకా వచ్చి, "ఆ తొమ్మిదిగాడు ఏం చేస్తున్నాడు?" అని అడిగారు. కాంట్రాక్టులు చేస్తున్నాడని చెప్పాను. "లెక్క సరిగ్గా రాస్తున్నాడా?" అన్నారు.

బెల్లం, ఇది నీకు. మొన్న ఫోన్‌లో మీ అటక మీద తాతగారి తాటాకుల కట్ట ఉందన్నావు. భోగి మంటల్లో వేసేశామండీ అని చెప్పేవాళ్ళని నేను చాలామందిని చూశాను. ఫంక్షన్‌కి వచ్చేటప్పుడు తీసుకురా. తాడు విప్పకు, తడిగుడ్డతో తుడవకు, ప్లాస్టిక్ సంచీలో పెట్టకు, పాత పంచెలో చుడితే చాలు. ఆకులు లెక్కపెట్టాలనిపించినా పెట్టకు. అందులో తొమ్మిదులు కనిపిస్తే అసలు ముట్టుకోకు.