పజిల్‌లో పులి, గేమ్‌లో పిల్లి

ఇంట్లో పులి వీధిలో పిల్లి అంటారు కదా, చెస్‌లో నాది అచ్చం అదే పరిస్థితి. లిచెస్ అనే ఆన్‌లైన్ చెస్ సైట్‌లో పజిల్ రేటింగ్ 2100 దాటింది, ర్యాపిడ్ (ఒక్కొక్కరికి పది పదిహేను నిమిషాల గేమ్) ఆడితే మాత్రం 1500 దగ్గరే కొట్టుకుంటున్నా. ఆ రెండు రేటింగ్‌ల లెక్కలు వేరని తెలుసు గానీ మరీ ఇంత తేడానా అని మొన్న ఆదివారం, ఓడిపోయిన 20 గేమ్‌ల పీజీఎన్ (ఎత్తులన్నీ వరసగా ఉండే టెక్స్ట్) దించుకుని ఒక్కోటీ చూస్తూ కూర్చున్నా. చాలావాటిల్లో ఫోర్కో (ఒకే పావుతో ఒకేసారి రెండింటి మీద దాడి) పిన్నో (కదిలితే వెనకున్న పెద్ద పావుకి ముప్పు వచ్చేలా కట్టేయడం) కళ్ళ ముందే ఉంది, నేనేమో ఏ పక్క బంటునో తోసేసి ఊరుకున్నా. అదే పొజిషన్ పజిల్‌గా వస్తే పది సెకన్లు పట్టదు!

పజిల్ అన్నారంటేనే ఇక్కడ ఏదో ఉందని చెప్పేసినట్టు. అందులోనూ ఫోర్క్ అని థీమ్ పెట్టుకుని చేస్తే సగం జవాబు ముందే చేతికిచ్చినట్టే. గేమ్‌లో ఎవడొచ్చి చెవిలో చెప్తాడు?

అందుకే పద్ధతి మార్చా. 1858లో ప్యారిస్ ఒపేరాలో అమెరికన్ ఆటగాడు పాల్ మార్ఫీ ఆడిన గేమ్ ఉంది కదా, 16వ ఎత్తులో బీ8 గడిలో క్వీన్‌ని కావాలనే ఇచ్చేసి 17లో డీ8లో రూక్‌తో మేట్, ఆ ముక్క అందరికీ తెలిసిందే. నాకు మాత్రం 12వ ఎత్తు దగ్గర బుర్ర తిరిగింది. క్వీన్ వైపు క్యాజిల్ చేశాడు, రాజు భద్రం, అదే ఎత్తుతో రూక్ డీ ఫైల్ (నిలువు వరస) మీదికొచ్చేసింది. డీ7 గుర్రాన్ని కాయడానికి నల్లవాళ్ళు డీ8కి రూక్ తెస్తే, 13లో రూక్‌తోనే ఆ గుర్రాన్ని కొట్టాడు. వాళ్ళు తిరిగి కొట్టిన రూక్ బీ5 బిషప్ పిన్‌లో ఇరుక్కుంది, వెంటనే హెచ్1లో ఊరికే ఉన్న రెండో రూక్ డీ1కి. నల్లవాళ్ళ హెచ్8 రూక్, ఎఫ్8 బిషప్ చివరిదాకా పుట్టినచోటే, పాపం.

ఆ పీజీఎన్ లిచెస్ స్టడీలో (గేమ్‌లు పెట్టుకుని పరిశీలించుకునే చోటు) పేస్ట్ చేసి, తర్వాతి ఎత్తులు కనబడకుండా దాచే ఆప్షన్ పెట్టి, 8వ ఎత్తు నుంచి నేనైతే ఏం ఆడతానో ఒక్కోటీ నోట్‌బుక్‌లో రాసుకుని అప్పుడు అసలు ఎత్తు చూస్తున్నా. నా 20 గేమ్‌లూ అంతే, కావాలనే టాక్టిక్ (ఫోర్క్, పిన్ లాంటి దెబ్బ) ఏమీ లేని పొజిషన్లు కూడా మధ్యలో కలిపా.

నిన్న రాత్రి వాటిల్లో ఒకదాని దగ్గర ఇరవై నిమిషాలు కూర్చుని గుర్రం శాక్రిఫైస్ (కావాలని బలివ్వడం) కనిపెట్టా, అబ్బ ఏం సంబరం! ఇంజిన్ (ఎత్తులు లెక్కగట్టే ప్రోగ్రామ్) ఆన్ చేస్తే తుస్సు, అవతలి రాజు ఒక గడి పక్కకి జరిగితే చాలట. ఓపెన్ ఫైల్ (బంట్లు లేని నిలువు వరస) మీదికి రూక్ తెచ్చుకోవడమే కరెక్ట్ ఎత్తు.