బతికే ఉన్నావా? అయితే రెప్ప ఆర్పు

మొన్న బుధవారం సాయంత్రం నా పెన్షన్ లైఫ్ సర్టిఫికెట్ ఓకే అయినట్టు మెసేజ్ వచ్చింది. ఫోన్ చేత నాలుగుసార్లు చదివించుకుని విన్నాను. నవంబర్ 3న మొదలుపెట్టిన పని 26న తేలింది. కోపం ఇంకా చల్లారలేదు కాబట్టి ఇప్పుడే రాసేస్తున్నా. నెల గడిస్తే నేనే "పోనీలే" అనేస్తాను, నా సంగతి నాకు తెలుసు.

మాది సోంపేట దగ్గర పల్లెటూరు. మా శ్రీకాకుళం జిల్లాలో మిలట్రీ వాళ్లు లేని ఊరు వెతుక్కోవాలి. నేను 1998లో చేరాను. పార్లమెంటు మీద దాడి జరిగాక 2001 డిసెంబర్‌లో మమ్మల్ని సరిహద్దుకి తరలించారు. ఆపరేషన్ పరాక్రమ్ అన్నారు. ఆ పది నెలల్లో యుద్ధం జరగలేదని అందరూ అంటారు. మేం మాత్రం రాత్రింబవళ్లు మందుపాతరలు పాతాం. 2002 ఫిబ్రవరిలో రాజస్థాన్ ఇసుకలో నేను వంగి పని చేస్తుండగా ఒకటి పేలింది. రెండు కళ్లూ పోయాయి, ఎడమచేతికి రెండు వేళ్లు పోయాయి. "యుద్ధమే జరగలేదు కదా, మరి కళ్లెలా పోయాయి?" అని పెళ్లిభోజనాల పంక్తిలో అడిగినవాళ్లున్నారు. వాళ్లకి జవాబు చెప్పడం మానేసి చాలా ఏళ్లయింది.

2003లో డెహ్రాడూన్ పంపారు. రాజ్‌పూర్ రోడ్డులో చూపులేనివాళ్ల కోసం ఉన్న జాతీయ సంస్థకి. దాని మూలం కూడా మాలాంటివాళ్లే. రెండో ప్రపంచ యుద్ధంలో చూపు పోయిన మన సిపాయిల కోసం 1943లో సెయింట్ డన్‌స్టన్స్ హాస్టల్ పేరుతో మొదలైంది. నడిపినాయన సర్ క్లూతా మెకెంజీ, న్యూజిలాండ్ మనిషి. ఆయన కళ్లు 1915లో టర్కీలో జరిగిన గాలిపోలి యుద్ధంలో పోయాయి. కళ్లున్నవాడు వచ్చి "ధైర్యంగా ఉండు" అంటే ఒళ్లు మండుతుంది. అలా కళ్లు పోయినవాడే వచ్చి "ముందు గడ్డం గీసుకో" అంటే లేచి కూర్చుంటాం. ఆయన కాలం నేనెరగను గానీ, నాకు నేర్పిన మాస్టారికీ చూపు లేదు. మొదటిరోజు ఆయనన్న మాట కూడా దాదాపు అదే: "నీ మంచం నువ్వే వేసుకో."

అక్కడ పదకొండు నెలలున్నాను. తెల్లకర్ర పట్టుకుని నడవడం మూడు వారాల్లో పట్టుబడింది. ఎడమ పాదం ముందుకి పడేటప్పుడు కర్ర కొన కుడివైపు నేలకి తగలాలి, కుడి పాదానికి ఎడమవైపు. అంతే సూత్రం. ఈ పద్ధతి పుట్టిందీ యుద్ధంలోనే. అమెరికాలో చూపు పోయిన సైనికుల కోసం పెన్సిల్వేనియాలోని ఒక సైనిక ఆసుపత్రిలో రిచర్డ్ హూవర్ అనే ఆయన రూపొందించాడు. బ్రెయిల్ మాత్రం నన్ను ఏడిపించింది. కుడిచేతి వేళ్ల కొసల్లో ఇనుప రవ్వల మచ్చలు, చుక్క ఏదో మచ్చ ఏదో తెలిసేది కాదు. చివరికి ఎడమచేతి చూపుడువేలుతో చదవడం నేర్చుకున్నాను. మన భాషలన్నిటికీ కలిపి చేసిన భారతి బ్రెయిల్‌లో తెలుగు 'క' అన్నా, బెంగాలీ 'క' అన్నా అవే రెండు చుక్కలు. నా పక్క మంచం బెంగాల్ కుర్రాడు నా తెలుగు కాగితాన్ని గడగడా చదివేసేవాడు, ఒక్క ముక్క అర్థం కాకుండా! బ్యాచ్‌లో టైపింగ్‌లో నేనే ఫస్టు. ఇది గొప్ప కోసం చెప్పడం కాదు. సరే, గొప్ప కోసమే.

ఊరొచ్చాక ఎస్టీడీ బూత్ పెట్టాను. సెల్‌ఫోన్లు వచ్చి దాన్ని మింగేశాయి. ఇప్పుడు కిరాణా కొట్టు. సరుకు ఎక్కడుందో నా చేతికి తెలుసు, తూకంలో నన్ను నా మనవరాలి వయసు పిల్లలు కూడా మోసం చేయలేరు. నోట్లతోనే తంటా. 2016 తర్వాత వచ్చిన నోట్లలో 200కీ 500కీ పొడవులో తేడా 4 మిల్లీమీటర్లే. అంచున తడిమి తెలుసుకునే గీతలున్నాయి, 500కి అయిదు. నలిగి చెమటపట్టిన నోటు మీద ఆ గీతలెక్కడ దొరుకుతాయి? అందుకే అట్టముక్క మీద గాట్లు పెట్టుకుని కొలుస్తాను.

ఇక అసలు కథ.

ఏటా నవంబర్‌లో మేం బతికున్నట్టు రుజువు ఇవ్వాలి. నిరుడు దాకా కుడి బొటనవేలు యంత్రం మీద ఎలాగోలా పనిచేసేది. ఈసారి అదీ చచ్చుబడింది. చర్మం అరిగిపోయిందట. ఊళ్లో ఆన్‌లైన్ సెంటర్ కుర్రాడు మంచివాడే, వాళ్ల నాన్న నాతో చదువుకున్నాడు. "బాబాయ్, ఇప్పుడు ఫేస్ పెడితే చాలు, రెండు నిమిషాలు" అన్నాడు.

కళ్లద్దాలు తీయమన్నాడు. ఇరవై రెండేళ్లుగా ఇంటి బయట ఆ నల్లద్దాలు తీయలేదు నేను. కుడివైపు ప్లాస్టిక్ కన్ను, ఎడమవైపు రెప్ప కుట్టేశారు. తీశాను. బెంచీ మీద కూర్చున్న ఆడవాళ్లు అప్పటిదాకా జీడిపిక్కల రేటు మాట్లాడుకుంటున్నారు. ఆపేశారు. ఎవరో "అయ్యో నా తండ్రీ" అంది.

"బాబాయ్, రెప్ప ఆర్పమంటంది."

ఎవరు? యాప్. ఎదురుగా ఉన్నది ఫొటో కాదు, బతికున్న మనిషేనని తెలుసుకోవడానికి కళ్లు మూసి తెరవమంటుందట. నా కుడి రెప్ప కొద్దిగా కదులుతుంది, పూర్తిగా మూతపడదు. కదిపాను. ఒప్పుకోలేదు. మళ్లీ. వెలుతురు చాలదని వీధిలోకి తీసుకెళ్లి ఎండలో నిలబెట్టాడు. బస్సు దిగినవాళ్లు ఆగి చూస్తున్నారని మా ఆవిడ ఊపిరిని బట్టి తెలుస్తోంది. పదకొండుసార్లు లెక్కపెట్టాను. అప్పుడా కుర్రాడు మెల్లిగా అడిగాడు, "బాబాయ్, ఏమనుకోకండి. నేను వేలితో మీ రెప్ప కిందికి లాగి వదలనా?"

నేను సరేనన్నాను. ఇప్పటికీ మింగుడుపడనిది అదే. వాడి మీద కోపం లేదు, నా మీదే. మందుపాతర పేలిన రోజున కూడా స్ట్రెచర్ మీద పడుకోనని గొడవచేసిన మనిషిని, నడివీధిలో మొహం పైకెత్తి నిలబడ్డాను. వాడు నా రెప్పని రెండుసార్లు ఆడించాడు. మూడోసారికి మా ఆవిడ "తియ్యి చెయ్యి!" అని అరిచింది. నా చేతిలో కళ్లద్దాలు పెట్టి ఇంటికి తీసుకొచ్చేసింది. ఆ రాత్రి ఇద్దరం ఏం మాట్లాడుకోలేదు.

మర్నాడు ఇంకో సెంటర్. అక్కడ కంటిపాప స్కాన్ చేసే యంత్రం ఉందన్నారు. "సూటిగా చూడండి సార్" అన్నాడు అక్కడి మనిషి. మా ఆవిడ నవ్వేసింది. నేనూ నవ్వాను. ఆధార్ తీసినప్పుడు నా కళ్లకి మినహాయింపు రాసుకున్నారు కదా, మళ్లీ ఆ కళ్లే అడగడమేమిటి? ఒక గదిలో చెప్పింది పక్క గదికి తెలియని కొలువులు మనవి.

డిజిటల్ కుదరకపోతే కాగితం మీద సర్టిఫికెట్ ఇవ్వొచ్చు, బ్యాంకు అధికారి గానీ గెజిటెడ్ అధికారి గానీ ధ్రువీకరించాలి. ఈ సంగతి మొదటిరోజే ఎవరూ చెప్పలేదు. ఫారం పట్టుకుని ఒక బ్యాంకుకి వెళ్లాం. పేరు రాయను. అక్కడి అధికారి నాతో ఒక్క మాట మాట్లాడలేదు. "ఈయనకి ఎన్నాళ్లుగా ఇలా?" అని మా ఆవిణ్ని అడిగాడు. "ఈయన సంతకం చెల్లదు, వేలిముద్ర వేయించండి, ఇద్దరు సాక్షుల్ని తెండి" అని కూడా ఆవిడకే చెప్పాడు.

నేను సంతకం పెడతాను. డెహ్రాడూన్‌లో అట్టకి కిటికీలా కోసిన చట్రం పెట్టి, దాని మధ్య తెలుగులో పూర్తి పేరు రాయడం నెలరోజులు సాధన చేశాను. చెక్కుల మీద అదే సంతకం పెడుతున్నాను. చూపులేనివాళ్లకి చెక్కు బుక్కుతో సహా అన్ని సౌకర్యాలూ ఇవ్వాలని రిజర్వ్ బ్యాంకు 2008లోనే చెప్పింది. అదే అన్నాను. "అది అకౌంట్లకి, ఇది పెన్షన్" అన్నాడు. 2025 ఏప్రిల్ 30న సుప్రీంకోర్టు ఇచ్చిన తీర్పు గురించి చెప్పాను. యాసిడ్ దాడిలో మొహం కాలినవాళ్లు, చూపులేనివాళ్లు వేసిన కేసులవి. మనిషి బతికున్నాడని తేల్చడానికి రెప్పపాటు ఒక్కటే దారి కాకూడదు, వేరే మార్గం ఉండాలి అంది కోర్టు. ఫోన్‌లో ఆ వార్త చదివించి వినిపించాను కూడా.

"అది కోర్టు సార్, ఇది బ్రాంచి" అన్నాడు. మొదటిసారి నాతో మాట్లాడిన మాట అదే.

వేలిముద్ర వేసి వచ్చేసి ఉంటే ఆ రోజే అయిపోయేది. మా ఆవిడ అదే అంది, మా అమ్మాయి కూడా ఫోన్‌లో అదే అంది. వేయలేదు. మొండితనమే అనుకోండి. రెప్ప ఇచ్చేశాను, సంతకం ఇవ్వదలుచుకోలేదు.

దారి చూపించింది మా కొట్టుకి బీడీల కోసం వచ్చే ముసలాయన. "మన హైస్కూల్ హెడ్‌మాస్టారు గెజిటెడే కదా బావూ" అన్నాడు. ఇంతకాలం నాకెందుకు తట్టలేదో! పంద్రాగస్టుకి జెండా దగ్గర నాచేత మాట్లాడించేదీ ఆయనే. 17న వెళ్లాం. కుర్చీ వేసి, నా చేతిని కుర్చీ వీపు మీద పెట్టి ఊరుకున్నారు. చూపులేనివాణ్ని కూర్చోబెట్టే పద్ధతి అదే, రెండు భుజాలూ పట్టి కుదేయడం కాదు. నా చట్రం పెట్టుకుని సంతకం చేశాను. ఆయన పచ్చ ఇంకుతో చేశారని మా ఆవిడ చెప్పింది. నాలుగు నిమిషాలు. స్కాన్ చేసి పెన్షన్ పోర్టల్‌లో పెట్టింది మా అమ్మాయి.

నాలాంటివాళ్లు ఇంకెవరైనా ఉంటే: ఫేస్ జోలికి పోకండి, నవంబర్ మొదటి వారంలోనే కాగితం ఫారంతో గెజిటెడ్ మనిషి దగ్గరికి వెళ్లండి, ఫారం మీద మీ సంతకం పడే చోటు ఇంట్లోనే తడిమి చూసుకోండి. వికలాంగుల కార్డు యూడీఐడీ నాకు ఇబ్బంది లేకుండానే వచ్చింది, దాని గురించి రాయడానికేం లేదు. నూరు శాతం వైకల్యంతో పంపేసిన మాజీ సైనికులకి సహాయకుడి కోసం అటెండెంట్ అలవెన్స్ ఉంటుంది, 2017లో నెలకి 6,750 చేశారు. అది పడుతోందో లేదో చాలామంది చూసుకోరు. నేనే కొన్నేళ్లు చూసుకోలేదు. ఏజెంట్లకి డబ్బులివ్వకండి, మా పక్క ఊళ్లో ఒకాయన ఇచ్చి ఏడుస్తున్నాడు.

నిన్న పొద్దున సెంటర్ కుర్రాడు కొట్టు దగ్గర ఆగాడు. కొబ్బరినూనె తీసుకున్నాడు. కాసేపు తచ్చాడి, "బాబాయ్, యాప్ కొత్తది వచ్చిందట. రెప్ప అక్కర్లేదేమో, ఒకసారి ట్రై చేద్దామా?" అన్నాడు.

నూనెకి డబ్బులు ఇమ్మన్నాను.