మా అమ్మాయి క్లాసులోని వాకర్లు, వెబ్‌స్టర్లు

ఇంటిపేరు పొడుగ్గా ఉందని, దాన్ని సగానికి కోసి స్కూల్లో రాసుకుంటానని మా అమ్మాయి ఈ ఏడాది పట్టుబట్టింది. తోటి పిల్లల పేర్లన్నీ చిన్నవట, పలకడానికి తేలికట. మన పేరు గొప్పదని పాఠం చెప్పాలనిపించలేదు. పదేళ్ల పిల్లకి అది ఎక్కదు. అందుకే వాళ్ల క్లాసు పేర్ల దగ్గరే మొదలుపెట్టాను.

మేముండే ఇంగ్లండ్‌లోని వెస్ట్ యార్క్‌షైర్‌లో వాకర్ అనే ఇంటిపేరువాళ్లు ఎక్కువ. బాగా నడిచేవాళ్లేమో అనుకుంది మా అమ్మాయి. నిజానికి అది బట్ట తొక్కే పని. గొర్రె ఉన్నితో నేసిన బట్ట మగ్గం దిగేసరికి వదులుగా, జిడ్డుగా ఉంటుంది. దాన్ని తొట్లో వేసి, నిలవ ఉంచిన మూత్రమో, జిడ్డు పీల్చే ఒకరకం మట్టో కలిపి గంటల తరబడి కాళ్లతో తొక్కేవాళ్లు. అప్పుడే పోగులు ఒకదాన్నొకటి పట్టుకుని బట్ట దళసరి అవుతుంది. 12వ శతాబ్దం నుంచి నీటి చక్రాలతో ఆడే చెక్క సుత్తులు ఆ పనిని అందుకున్నాయి. పేరు మాత్రం మనుషులకే ఉండిపోయింది. ఇదే పనివాణ్ణి ఆగ్నేయ ఇంగ్లండ్‌లో ఫుల్లర్ అన్నారు, నైరుతిలో టక్కర్ అన్నారు. టక్కర్ల సంఘం 15వ శతాబ్దంలో కట్టుకున్న హాలు అక్కడి ఎక్సెటర్ నగరంలో ఇప్పటికీ ఉంది. తొక్కిన బట్టని టెంటర్ అనే చట్రాలకు కొక్కేలతో లాగి ఆరబెట్టేవాళ్లు. టెన్షన్‌గా ఎదురుచూసేవాళ్లు 'ఆన్ టెంటర్‌హుక్స్' అంటారే, అవి ఈ కొక్కేలే.

మూత్రం సంగతి విన్నాక మా అమ్మాయి ఇక నన్ను వదల్లేదు.

మా పుట్టింటివాళ్లది చీరాల వైపు నేతకుటుంబం. నూలు బట్టకి ఈ తొక్కుడు అక్కర్లేదు, మా ఇంట్లో పెద్ద శ్రమంతా పడుగుకి, అంటే మగ్గం మీది నిలువు పోగులకి, గంజి పెట్టడంలో ఉండేది. అందుకే వెబ్, వీవర్, వెబ్‌స్టర్ అనే పేర్లంటే నాకు ప్రత్యేకమైన ఇష్టం. మూడూ నేతవాళ్ల పేర్లే. పాత ఇంగ్లీషులో చివర 'స్టర్' చేరిస్తే ఆ పని చేసే ఆడమనిషి అని అర్థం. వెబ్‌స్టర్ అంటే నేసే ఆమె, బాక్‌స్టర్ అంటే రొట్టెలు కాల్చే ఆమె, బ్రూస్టర్ అంటే బీరు కాచే ఆమె. తర్వాతర్వాత ఆ తేడా చెరిగిపోయి మగవాళ్లకీ అవే పేర్లు వచ్చాయి. నూలు వడికే స్పిన్‌స్టర్ మాత్రం పెళ్లికాని ఆడదానికి గుర్తుగా మిగిలిపోయింది. ఇక్కడి పెళ్లి రిజిస్టర్లలో 2005 దాకా ఆ మాటే రాసేవాళ్లు. ఇది చదివినప్పుడు మా అమ్మ గుర్తొచ్చింది. తెల్లవారకముందే లేచి రాట్నం మీద నూలు కండెలు చుట్టేది. ఆ కండెలు లేకపోతే మగ్గం ఆడదు. అయినా నేతగాడంటే మా నాన్నే. ఆ సంగతి మా అమ్మాయికి చెప్పాను. వెంటనే వీడియో కాల్ చేసి అమ్మమ్మని బోలెడు ప్రశ్నలడిగింది.

ఇంగ్లండ్‌లో 1066లో ఫ్రాన్స్ వైపు నుంచి నార్మన్లు దండెత్తి రాకముందు మామూలు జనానికి ఇంటిపేర్లు లేవు. 1400 నాటికి ఎక్కువమందికి తండ్రి నుంచి కొడుక్కి దిగే పేరు స్థిరపడింది. కొన్ని పనిని బట్టి, కొన్ని తండ్రి పేరుని బట్టి, చాలావరకు ఊరిని, ఉండే చోటుని బట్టి వచ్చాయి. అట్‌వుడ్ అంటే అడవి దగ్గర ఉండేవాడు, అండర్‌హిల్ అంటే కొండ కింద ఉండేవాడు. మా ఆయన వాళ్ల ఇంటిపేరు కూడా ఊరిపేరే. కందుకూరు నుంచి కందుకూరి వచ్చినట్టు, చివరి ఉకారం ఇకారమై ఆ ఊరివాళ్లమని చెబుతుంది. ఇది విన్నాక మ్యాపులో ఆ ఊరు వెతికి పెట్టమంది.

ఇక్కడ ఆగిపోవచ్చు, కానీ పిల్లలకి సగం కథ చెప్పడం నాకు నచ్చదు. మా అమ్మాయి స్నేహితురాలు ఒకమ్మాయి తాతముత్తాతలు జమైకా వాళ్లు. ఆ పాపకీ పాత ఇంగ్లీషు ఇంటిపేరే. జమైకా లాంటి కరీబియన్ దీవుల్లో బానిసలుగా బతికినవాళ్లలో చాలామందికి తోటల యజమానుల ఇంటిపేర్లే అంటుకున్నాయి. బ్రిటన్ 1833లో చట్టం చేసి బానిసత్వాన్ని రద్దుచేసినా పేర్లు అలాగే ఉండిపోయాయి. అందుకని "నీ పేరుకి అర్థమేంటి?" అని ఎవర్నీ ఆటగా అడగొద్దని, వాళ్లంతట వాళ్లు చెబితే శ్రద్ధగా వినమని చెప్పాను. ఆ రాత్రి చాలాసేపు దాని గురించే మాట్లాడుకున్నాం.

పేరు కోసే మాట ఇప్పుడు పక్కకి వెళ్లింది. మళ్లీ రావచ్చు, వస్తే మళ్లీ మాట్లాడతాం. ప్రస్తుతం కొత్త ప్రశ్న పట్టుకుంది: అమ్మమ్మ కండెలు చుట్టింది కదా, మరి అమ్మమ్మ వాళ్ల ఇంటిపేరు మనకెందుకు రాలేదు? అక్కడా ఇక్కడా పేరు తండ్రివైపు నుంచే నడిచిందని, అది న్యాయం కాదని ఉన్నమాటే చెప్పాను. అమ్మమ్మ పుట్టింటి పేరు కూడా తన నోట్‌బుక్ అట్టమీద రాసుకుంది, తెలుగులోనే.