అలిపిరి మెట్ల మీద మా వదినతో

అలిపిరి నుంచి తిరుమలకు 3,550 మెట్లు. ప్రతి మెట్టుకూ పసుపు రాసి బొట్టు పెడుతూ ఎక్కుతానని రెండేళ్ళ కిందట ఆసుపత్రి మంచం మీద మొక్కుకున్నాను. అప్పటికి మా వారు పోయి ఏడాది తిరగలేదు. నాకు రొమ్ము క్యాన్సర్ శస్త్రచికిత్స అయి, కీమో మొదలయింది. మొక్కు నాదే అయినా, పాదాల మండపం దగ్గర పసుపు గిన్నె అందుకున్నది మా వదిన, మా వారి అక్క. చంకలో గ్రంథులు తీసేసిన చేత్తో బరువు మోయకూడదని డాక్టరు చెప్పిన మాట నేను మరిచినా ఆమె మరవదు. భర్త పోయినదాన్ని, కుంకుమ ముట్టుకోవచ్చా అని నేను తటపటాయిస్తుంటే, "దేవుడి మెట్టుకు పెట్టే బొట్టుకు ఆ లెక్కలేమిటి, పెట్టు" అంది.

గాలిగోపురం దాకా ఎక్కుడు నిటారుగా ఉంటుంది. ఆయాసం తీర్చుకోవడానికి కూర్చున్న ప్రతిచోటా నాకు ఆ సూదులే గుర్తుకొచ్చాయి. ఇంట్లోనే బ్లౌజులు కుట్టే పని మొదలుపెట్టాలన్న ఆలోచన నాదే గానీ, కీమో మందులకు వేళ్ళ చివర నరాలు దెబ్బతిని, తిమ్మిరెక్కి, సూదిలో దారం ఎక్కించడం నా వల్ల అయ్యేది కాదు. వదిన ధైర్యవచనాలు చెబుతూ కూర్చోలేదు. రోజూ ఆఫీసుకు వెళ్ళే ముందు 12 సూదులకు రంగురంగుల దారాలు ఎక్కించి, పాత దిండుకు వరుసగా గుచ్చి వెళ్ళేది. హెమ్మింగ్, హుక్కులు, కాజాలు చేసుకుంటూ, ఆ దారాలు అయిపోయాక నేను పడుకునేదాన్ని. నా ఒంట్లో ఓపిక ఎంతో చూసుకునే ఆమె 12 దగ్గర ఆపిందని చాలా ఆలస్యంగా గ్రహించాను.

చిన్న వ్యాపారాలను నమోదు చేసే ప్రభుత్వ వెబ్‌సైటు ఉద్యమ్ పోర్టల్‌లో రుసుమేమీ లేకుండా నా పేరు నమోదు చేయించింది ఆమే. ముద్ర పథకంలో 50,000 రూపాయల దాకా ఇచ్చే శిశు రుణానికి తాకట్టు అక్కర్లేదని తెలుసుకుని, బ్యాంకుకు వెంట వచ్చిందీ ఆమే. దరఖాస్తులో వైవాహిక స్థితి అన్న గడి దగ్గర నా కలం ఆగిపోతే, తీసుకుని తన చేత్తో 'వితంతువు' అని రాసి, ముఖం పక్కకు తిప్పుకుంది. ఆమె పోగొట్టుకున్నది ఒక్కగానొక్క తమ్ముణ్ణి. నా దుఃఖంలో పడి అంతవరకు ఆమెను ఒక్కసారైనా ఓదార్చలేదని అక్కడే తెలిసింది.

రామానుజులవారు మోకాళ్ళతో ఎక్కారని చెప్పుకునే మోకాళ్ళ పర్వతం దగ్గర, మెట్టు అంచు తగిలి వదిన చీర ఫాల్ ఊడింది. నేను సంచిలోంచి సూదీ దారమూ తీశాను. రెండుసార్లు తప్పిపోయింది. ఆమె చెయ్యి ముందుకు రాబోయి ఆగింది. మూడోసారి దారం ఎక్కింది. పసుపంటిన చేతులు ఒళ్ళో పెట్టుకుని ఆమె మెట్టు మీద కూర్చుంటే, ఊడిన జానెడు మేర కుట్టి, ముడి వేసి, దారాన్ని పంటితో తెంపాను.